క్లోరోఫాం మీద హైదరాబాదు తీర్పు

మన కథల్లో మత్తుమందులకి కొదవ లేదు. విరాటపర్వంలో అర్జునుడు సమ్మోహనాస్త్రం వేస్తే కౌరవసేన ఉన్నచోటే సొమ్మసిల్లిపోతుంది. ఉత్తరుడు తాపీగా రథం దిగి, చెల్లెలి బొమ్మలకోసం వాళ్ళ పైబట్టలు లాక్కొచ్చుకుంటాడు. ఉర్దూ దాస్తాన్లలో అయితే ఇక చెప్పక్కర్లేదు. 1883 నుంచి లక్నోలో నవల్ కిషోర్ ప్రెస్ వాళ్ళు అచ్చేసిన తిలిస్మె హోష్రుబాలో అయ్యార్లని ఉంటారు. జిత్తులమారి గూఢచారులు. పెద్దపెద్ద మాంత్రికుల్ని కూడా మిఠాయిలోనో ఇంకోదాంట్లోనో మత్తుపొడి కలిపి పడగొట్టేస్తుంటారు. మన డిటెక్టివ్ నవలలకొస్తే, వెనకనుంచి ఒక చెయ్యి, ఆ చేతిలో రుమాలు, తియ్యటి వాసన, రెండో సెకనులో హీరోయిన్ స్పృహ తప్పడం. మిగతా కథ మీకు తెలిసిందే :)

ఈ కథలన్నిటిలోనూ ఒక సౌకర్యం ఉంది. మందు ప్రతిసారీ పనిచేస్తుంది. పడుకున్నవాడు ప్రతిసారీ లేస్తాడు. డోసెంత, వాడి గుండె ఎలా ఉంది, ఊపిరాడుతోందా అని అడిగేవాడు ఒక్కడూ ఉండడు.

నిజంగా అలాంటి మందొకటి 1847లో మనుషుల చేతికొచ్చింది. అదే క్లోరోఫాం. నిద్రపుచ్చడంలో దానికి తిరుగులేదు (రెండు సెకన్లలో మాత్రం కాదు, కొన్ని నిమిషాలు పీల్చాలి). చిక్కల్లా ఏంటంటే, అప్పుడప్పుడూ మనుషుల్ని చంపేసేది. ఎవర్ని చంపుతుందో, ఎందుకు చంపుతుందో తెలీదు. ముసలీముతకా బతికేవాళ్ళు, చిన్న ఆపరేషనుకొచ్చిన పడుచువాళ్ళు టేబుల్ మీదే పోయేవాళ్ళు. దాదాపు అరవై ఏళ్ళు డాక్టర్లు దీనిమీద కొట్టుకున్నారు. ఆ గొడవలో అతి పెద్ద పరీక్ష జరిగింది లండన్లోనో పారిస్‌లోనో కాదు, మన అఫ్జల్‌గంజ్‌లో.

రోనాల్డ్ రాస్ 1897లో సికింద్రాబాదులో మలేరియా గుట్టు విప్పిన సంగతి మనందరం స్కూల్లో చదువుకున్నాం. దానికి ఎనిమిదేళ్ళ ముందు మూసీ ఒడ్డున జరిగిన ఈ కథ మాత్రం డాక్టర్లలోనే చాలామందికి తెలీదు. తెలిసినవాళ్ళు కూడా రెండు రకాలుగా చెప్తుంటారు. ఒకటి, "ప్రపంచానికి మత్తువైద్యం నేర్పింది మన హైదరాబాదే" అనే ఫార్వార్డ్ మెసేజీ టైపు. రెండోది, "నిజాం డబ్బుతో ఒక మొండి డాక్టరు చేసిన తప్పుడు ప్రయోగం" అనే వెక్కిరింపు. రెండూ సగం సగం నిజాలే. నాకైతే ఇది మన సాఫ్ట్‌వేర్ వాళ్ళందరూ తెలుసుకోవాల్సిన కథ అనిపించింది. ఎందుకో చివర్లో చెప్తాను.

అసలు గొడవేంటి

1846 అక్టోబరు 16న అమెరికాలోని బోస్టన్‌లో మోర్టన్ అనే డెంటిస్టు ఈథర్ వాయువు పీల్పించి, నొప్పి తెలీకుండా ఆపరేషన్ చెయ్యొచ్చని అందరి ముందూ చూపించాడు. అంతకుముందు ఆపరేషనంటే నలుగురు పట్టుకోవడం, ఒకడు కొయ్యడం. సర్జను ఎంత త్వరగా కోస్తే అంత గొప్ప.

ఏడాది తిరక్కుండా ఎడింబరోలో జేమ్స్ సింప్సన్ అనే కాన్పుల డాక్టరు క్లోరోఫాం పట్టుకొచ్చాడు. అది అప్పటికి కొత్త పదార్థమేం కాదు, 1831లోనే అమెరికా, ఫ్రాన్సు, జర్మనీల్లో ముగ్గురు విడివిడిగా తయారుచేశారు. దాంతో ఏం చెయ్యాలో తెలీక ఊరుకున్నారంతే. 1847 నవంబరు 4 రాత్రి సింప్సన్, ఇద్దరు మిత్రులు భోజనాల బల్ల దగ్గర కూచుని గ్లాసుల్లో పోసుకుని పీల్చి చూశారు. కాసేపటికి ముగ్గురూ బల్ల కింద ఉన్నారు. లేచాక సింప్సన్‌కి ఒకటే ఆనందం. ఈథర్ కంటే బలమైనది, త్వరగా పట్టేది, వాసన కూడా హాయైనది.

మనదేశానికి ఇది ఇంకా బాగా కుదిరింది. ఈథర్ దాదాపు 35 డిగ్రీలకే మరిగిపోతుంది. మన మే నెలలో సీసా మూత తీస్తే చాలు, పేషెంటు కంటే ముందు గది మొత్తం పీల్చేస్తుంది. పైగా దీపం దగ్గరుంటే భగ్గుమంటుంది. క్లోరోఫాం 61 డిగ్రీల దాకా మరగదు, నిప్పంటుకోదు. ఒక సీసా, ఒక గుడ్డ ఉంటే చాలు.

అంతా బానే ఉంది. కానీ మూడు నెలలు కూడా గడవకముందే, 1848 జనవరి 28న, ఇంగ్లాండులో న్యూకాజిల్ దగ్గర హానా గ్రీనర్ అనే 15 ఏళ్ళ అమ్మాయి చనిపోయింది. ఆపరేషన్ ఏంటంటే కాలిగోరు తియ్యడం. అంతకుముందు ఇంకో గోరు ఈథర్‌తో బానే తీశారు. ఈసారి ఆ పిల్ల బాగా భయపడిపోయి ఉంది. గుడ్డ మీద కాస్త క్లోరోఫాం, కొన్ని పీల్పులు, కోత మొదలైంది, ఒక్కసారి కదిలింది, అంతే. మొత్తం కొద్ది నిమిషాల వ్యవహారం.

ఈ భయపడిపోయిన పిల్ల, కొన్ని పీల్పులు అన్న రెండు మాటలు గుర్తుపెట్టుకోండి. కథ మళ్ళీ ఇక్కడికే వస్తుంది.

అక్కణ్ణించి డాక్టర్లు రెండు పార్టీలైపోయారు. లండన్ పార్టీకి పెద్ద జాన్ స్నో. 1854లో బ్రాడ్ స్ట్రీట్ నీళ్ళ పంపు ద్వారా కలరా వ్యాపిస్తోందని పట్టుకున్న ఆయనే ఈయన. 1853లో విక్టోరియా రాణికి కాన్పులో క్లోరోఫాం ఇచ్చిందీ ఈయనే. స్నో చనిపోయినవాళ్ళ కేసులన్నీ పోగేసి చూసి, చాలావాటిలో ముందు ఆగింది గుండేనని తేల్చాడు. కాబట్టి మందుని కొలిచి గాలిలో కలిపి ఇవ్వండి, నాడి మీద చెయ్యి తియ్యకండి అన్నాడు.

ఎడింబరో పార్టీకి పెద్ద జేమ్స్ సైమ్ అనే సర్జను. ఆయన లెక్క ఇంకోటి. గుండె సంగతి వదిలెయ్యండి, చచ్చేది ఊపిరాగే. ఊపిరి చూస్తూ మందివ్వండి, నాడి పట్టుకుంటే ధ్యాస అటు పోయి అసలుది వదిలేస్తారు అని.

ఇది ఏదో కాలక్షేపం చర్చ కాదు. మత్తు ఇచ్చేవాడికి ఉన్నవి రెండే కళ్ళు. మానిటర్లు లేవు, అలారంలు లేవు. దేన్ని చూడాలి, దేన్ని వదిలెయ్యాలి అన్నదాని మీద టేబుల్ మీదున్న మనిషి ప్రాణం ఆధారపడింది.

అఫ్జల్‌గంజ్‌కి వచ్చిన మొండిఘటం

ఇప్పుడు మనూరొద్దాం. పత్తర్‌గట్టి, మదీనా దాటి నయాపూల్ ఎక్కి ఇటుపక్కకి దిగితే ఎడమచేతి వైపు ఉస్మానియా ఆస్పత్రి గుమ్మటాలు కనబడతాయి. ఆ ప్రాంతంలోనే అంతకుముందు అఫ్జల్‌గంజ్ ఆస్పత్రి ఉండేది. అయిదో నిజాం అఫ్జల్ ఉద్దౌలా పేరుమీద, సాలార్‌జంగ్ దివానుగా ఉన్నప్పుడు, 1866లో కట్టింది. దానికి తోడు 1846లో మొదలైన హైదరాబాద్ మెడికల్ స్కూలు. పాశ్చాత్య వైద్యాన్ని ఉర్దూలో చెప్పి, హకీం పట్టా ఇచ్చిన స్కూలది. తెలుగు మీడియం ఇంజనీరింగు గురించి ఇంకా కమిటీలు వేసుకుంటున్న మనం ఒక్క నిమిషం ఆగి ఆలోచించాల్సిన విషయమే, కానీ అది వేరే కథ.

1885లో ఈ ఆస్పత్రికీ స్కూలుకీ పెద్దగా ఎడ్వర్డ్ లారీ అనే సర్జన్ మేజర్ వచ్చాడు. రెసిడెన్సీ సర్జన్ కూడా ఆయనే. ఎడింబరోలో సైమ్ దగ్గర చదువుకున్నవాడు, గురువుగారి మాటంటే వేదం. ఇక్కడ ఆస్పత్రిలో క్లోరోఫాం ఇచ్చేవాళ్ళందరికీ ఒకటే పాఠం: ఊపిరి చూడు, నాడి ముట్టుకోకు. ఆయన చేతికింద వేలకొద్దీ ఆపరేషన్లు సాఫీగా జరిగాయి. ఇంగ్లాండులో మాత్రం క్లోరోఫాం చావులు పేపర్లలో వస్తూనే ఉన్నాయి. లారీకి అర్థమైంది ఒకటే. అక్కడివాళ్ళకి ఇవ్వడం చేతకావట్లేదు.

కానీ ఆయన "నా అనుభవం" అని చెప్పి ఊరుకోలేదు. పరీక్ష పెడదాం అన్నాడు. ఆరో నిజాం మహబూబ్ అలీఖాన్ ప్రభుత్వం సరేనంది. 1888లో మొదటి హైదరాబాద్ క్లోరోఫాం కమిషన్. వందకు పైగా ఊరకుక్కలకి రకరకాలుగా క్లోరోఫాం ఇచ్చి, చచ్చేదాకా చూశారు. ప్రతిసారీ ముందు ఊపిరాగింది, తర్వాతే గుండె ఆగింది. గురువుగారు రైటు!

ఈ రిపోర్టు చూసి లండన్‌లోని లాన్సెట్ పత్రిక పెదవి విరిచింది. గ్లాస్గోలో 1880 నాటికే బ్రిటిష్ మెడికల్ అసోసియేషన్ కమిటీ ఒకటి క్లోరోఫాం రక్తపోటునీ గుండెనీ దెబ్బతీస్తుందని చెప్పింది కదా, ఇదేంటి ఇలా అంది. ఇక్కడ లారీ వేసిన ఎత్తు నాకు భలే నచ్చింది. అయితే మీరే ఒక మనిషిని ఎంచుకుని పంపండి, మీ ముందే మళ్ళీ చేస్తాం అన్నాడు. ఖర్చులకి నిజాం ప్రభుత్వం వెయ్యి పౌండ్లు ఇచ్చింది. ఆ రోజుల్లో వెయ్యి పౌండ్లంటే మాటలు కాదు.

ఒక సంస్థానం తన డబ్బుతో, తన ఆస్పత్రి వాదాన్ని పరీక్షించడానికి, ఎదుటి పక్షం ఎంచుకున్న మనిషినే పిలిపించుకోవడం! ఈ రోజుల్లో మన కంపెనీల్లో ఎక్స్‌టర్నల్ ఆడిటర్‌ని కూడా మనకి కావలసినవాణ్ణి చూసి పెట్టుకుంటాం.

490 ప్రాణాలు, ఒక టెలిగ్రాం

లాన్సెట్ పంపింది సామాన్యుణ్ణి కాదు, లాడర్ బ్రంటన్‌ని. 1867లో గుండెనొప్పికి అమైల్ నైట్రైట్ వాడొచ్చని కనిపెట్టినవాడు, మందులు శరీరంలో ఎలా పనిచేస్తాయో చెప్పడంలో అప్పటికి ఇంగ్లాండులో పెద్ద పేరు. కమిషన్లో లారీ, బ్రంటన్, బాంఫర్డ్, వీళ్ళతోపాటు రుస్తుంజీ హకీం అనే స్థానిక డాక్టరు కూడా సభ్యుడు.

1889 అక్టోబరు చివర్లో మొదలుపెట్టి డిసెంబరు దాకా చేశారు. ఈసారి ఊరికే చూసి రాసుకోవడం కాదు. జంతువు రక్తనాళానికి గొట్టం తగిలించి, రక్తపోటుని పాదరసం మానోమీటరుతో కొలిచి, తిరిగే డ్రమ్ము మీద సూది ఒక గీత గీస్తూ పోయేలా పెట్టారు. ఒకరకంగా అదే అప్పటి లైవ్ లాగింగ్. ఆ గీతలన్నిటినీ ఫొటోలు కూడా తీయించారు. పనైపోయాక బ్రంటన్ లాన్సెట్‌కి కొట్టిన టెలిగ్రాంలో లెక్క ఇలా ఉంది: కుక్కలు, గుర్రాలు, కోతులు, మేకలు, పిల్లులు, కుందేళ్ళు కలిపి 490. వాటిలో మానోమీటరుతో చూసినవి 120. తేలిందేమంటే, ప్రమాదమల్లా ఊపిరాడకపోవడం, డోసు ఎక్కువవడం. గుండె మీద నేరుగా ప్రమాదం అసలేమీ లేదు.

లండన్ నుంచి అనుమానంతో వచ్చిన మనిషే హైదరాబాదు మాట రైటని తిరిగెళ్ళాడు. 1890లో లాన్సెట్ రిపోర్టు అచ్చేసింది. చివర్లో ప్రాక్టికల్ సలహాలు కూడా ఉన్నాయి. పేషెంటుని పడుకోబెట్టాలి, ఒంటిమీద బిగుతుగా ఏమీ ఉండకూడదు, ఊపిరి మీదే కన్నుండాలి. నాడి గురించి బెంగ అక్కర్లేదు.

ఆ జంతువుల గురించి ఒక్క మాట చెప్పకుండా ముందుకెళ్ళడం నా వల్ల కాదు. ఇంగ్లాండులో 1876 నుంచే బతికున్న జంతువుల మీద ప్రయోగాలకి లైసెన్సు కావాలనే చట్టం ఉంది. ఆ చట్టం మన సంస్థానానికి వర్తించదు. ఇంత పెద్ద ప్రయోగం ఇక్కడ జరగడానికి నిజాం డబ్బు, లారీ పట్టుదల ఎంత కారణమో ఇదీ అంతే కారణమని నాకనిపిస్తుంది. అన్ని ప్రాణాలు పెట్టి తెచ్చిన జవాబు కనీసం పూర్తిగా సరైనదై ఉండాల్సింది.

ఈ పేర్ల మధ్యలో మరుగునపడిపోయిన ఒకావిడ గురించి కూడా చెప్పాలి. రూపాబాయి ఫర్దూన్‌జీ, హైదరాబాదు పార్సీ అమ్మాయి. 1885లో మెడికల్ స్కూల్లో చేరిన తొలి స్త్రీలలో ఒకరు, 1889లో పట్టా తీసుకుంది. అంటే సరిగ్గా కమిషన్ నడుస్తున్న రోజుల్లోనే. తర్వాత ఏళ్ళ తరబడి ఇక్కడి ఆస్పత్రుల్లో క్లోరోఫాం ఇవ్వడమే ఆవిడ పని. 1909లో ఎడింబరో వెళ్ళి ఇంకా చదువుకుంది. ప్రపంచంలో మత్తువైద్యాన్నే వృత్తిగా పెట్టుకున్న తొలి మహిళా డాక్టర్లలో ఆవిడ పేరు చెప్తారు. లారీ ఆస్పత్రిలో క్లోరోఫాం ఎందుకు అంత సాఫీగా నడిచిందో ఆవిణ్ణి చూస్తే తెలుస్తుంది. పక్కనున్న కుర్రాణ్ణి పిలిచి "ఈ గుడ్డ కాస్త పట్టుకో" అనడం కాకుండా, ఇదొక పని, దీనికి శిక్షణ కావాలి, ఇచ్చేవాళ్ళ చూపు వేరేచోట ఉండకూడదు అని నేర్పించారు. దాన్ని నేనైతే చాలా పెద్ద విషయంగానే లెక్కేస్తాను.

బగ్ మాత్రం అక్కడే ఉంది

సరే, ఇంతమంది ఇంత పకడ్బందీగా చేసి తేల్చారు కదా, చావులు ఆగిపోవాలి కదా? ఆగలేదు.

ఇంగ్లాండులో పేషెంట్లు పోతూనే ఉన్నారు. ఇచ్చినవాళ్ళు మాత్రం "ఊపిరి చూస్తూనే ఉన్నానండీ, అది ఆడుతూనే ఉంది, నాడి ముందు పోయింది" అని రాస్తూనే ఉన్నారు. 1893లో కేంబ్రిడ్జిలో గాస్కెల్, షోర్ అనే ఇద్దరు ఒక తెలివైన పని చేశారు. రెండు జంతువుల రక్తప్రసారాన్ని ఒకదానితో ఒకటి కలిపి, క్లోరోఫాం మెదడుకి వెళ్తే ఏమవుతుంది, గుండెకి వెళ్తే ఏమవుతుంది అని విడదీసి చూశారు. గుండె మీద నేరుగా దెబ్బ ఉందని తేలింది. లారీ ఒప్పుకోలేదు. 1901లో క్లోరోఫాం మీద ఏకంగా ఒక పుస్తకమే వేశాడు, అదే వాదనతో.

అసలు ముడి విప్పింది 1911లో గుడ్‌మన్ లెవీ అనే లండన్ డాక్టరు. (అదే ఏడాది ఇక్కడ మహబూబ్ అలీఖాన్ కన్నుమూశాడు.) లెవీ పిల్లుల మీద చేసి చూపించింది ఇదీ: క్లోరోఫాం బాగా లోతుగా ఎక్కినప్పుడు కాదు, తేలిగ్గా, పైపైన ఉన్నప్పుడు గుండెకి ఒక ప్రత్యేకమైన ప్రమాదం ఉంది. ఆ సమయంలో ఒంట్లో అడ్రినలిన్ ఒక్కసారిగా పెరిగితే గుండె లయ తప్పి, కొట్టుకోవడం మానేసి ఊరికే వణకడం మొదలుపెడుతుంది. డాక్టర్ల భాషలో వెంట్రిక్యులర్ ఫిబ్రిలేషన్. వణికే గుండె రక్తాన్ని తొయ్యలేదు. నాడి టక్కున ఆగుతుంది. ఊపిరి మాత్రం ఇంకో నాలుగు క్షణాలు ఆడుతూనే ఉంటుంది.

అడ్రినలిన్ ఎప్పుడు పెరుగుతుంది? భయపడినప్పుడు. పెనుగులాడినప్పుడు. సగం మత్తులో ఉండగానే కత్తి పడినప్పుడు.

ఇప్పుడు హానా గ్రీనర్‌ని గుర్తుచేసుకోండి. భయపడిపోయిన పిల్ల, కొన్ని పీల్పులు, కోత, ఒక్క కదలిక. ఆవిడ చావుకి కారణం మీద ఇప్పటికీ వేరే అభిప్రాయాలు చెప్పేవాళ్ళున్నారు కానీ, లెవీ చెప్పిన బొమ్మకి ఆ కేసు అచ్చంగా సరిపోతుంది. ముసలివాళ్ళు పెద్ద ఆపరేషన్లలో బతికి, చిన్న ఆపరేషన్లకొచ్చిన ఆరోగ్యవంతులు ఎందుకు పోయేవారో కూడా తెలిసిపోతుంది. చిన్న ఆపరేషన్‌కి చిన్న మత్తు చాలనుకునేవాళ్ళు. ఆ చిన్న మత్తే ప్రమాదం!

మరి అఫ్జల్‌గంజ్‌లో 490 జంతువుల్లో ఇది ఎందుకు దొరకలేదు? లారీ బృందం మోసం చేసిందా? లేదు. బద్ధకించిందా? అస్సలు లేదు. వాళ్ళ ప్రయోగాల్లో ప్రధానభాగం డోసు పెంచుకుంటూ పోయి ఏది ముందు ఆగుతుందో చూడడం. ఆ ప్రశ్నకి వాళ్ళిచ్చిన జవాబు నూటికి నూరుపాళ్ళూ రైటు, డోసు ఎక్కువైతే ఊపిరే ముందు ఆగుతుంది. తేలిక మత్తులో ఆపరేషన్లు చేసి కూడా చూశారు, పాపం. ఏమీ కాలేదు. ఎందుకంటే అది రోజూ జరిగే ప్రమాదం కాదు, రెండు మూడు విషయాలు ఒకే క్షణంలో కలవాలి. అందులో ముఖ్యమైన అడ్రినలిన్ అనేది ఒకటుందని 1889లో ఎవరికీ తెలీదు. దాని ప్రభావం 1890లలో బయటపడింది, విడిగా తీసి శుద్ధి చేసింది 1901లో. పేరే లేని వేరియబుల్‌కి టెస్ట్ కేస్ ఎవడు రాస్తాడు?

మనవాళ్ళకి ఇది బాగా తెలిసిన జంతువే. లోడ్ టెస్టులో సిస్టం బ్రహ్మాండంగా నిలబడుతుంది. ప్రొడక్షన్లో మాత్రం తెల్లవారుజామున ట్రాఫిక్ లేనప్పుడు, సరిగ్గా సర్వీసు స్టార్టవుతున్న క్షణంలో పడిపోతుంది. డీబగ్గర్ తగిలిస్తే మాయమైపోతుంది, తీసేస్తే మళ్ళీ వస్తుంది. లోతైన మత్తు లెవీ చూసిన బగ్‌ని సరిగ్గా డీబగ్గర్‌లాగే దాచేసింది.

కనపడలేదు అంటే లేదు అని కాదు

అందుకని కమిషన్ తప్పు "బగ్ పట్టుకోలేకపోవడం" అని నేననను. 1889లో దాన్ని పట్టుకోవడం దాదాపు అసాధ్యం. అన్నట్టు ఇదే 1889లో మెక్‌విలియం అనే ఆబర్డీన్ ప్రొఫెసరు, మనుషుల హఠాన్మరణాలకి గుండె ఇలా వణకడమే కారణం కావచ్చని రాశాడు. అంటే ముక్కలు ఒక్కొక్కటిగా బయటికొస్తున్నాయి, ఇంకా ఎవరూ అతికించలేదు.

నా దృష్టిలో అసలు తప్పు రెండుచోట్ల ఉంది. ఒకటి ఆ టెలిగ్రాంలోని "అసలేమీ లేదు" అనే మాట. వాళ్ళు చూసింది "మాకు కనపడలేదు", చెప్పింది "లేదు". మన భాషలో, టిక్కెట్టు మీద "నాట్ రీప్రొడ్యూసిబుల్" అని రాసి మూసెయ్యడం. లోకల్లో రిపీట్ కాలేదన్నది నిజమే, కాదనను. కానీ ప్రొడక్షన్ నుంచి లాగులు వస్తూనే ఉన్నాయి కదా? స్నో దగ్గర్నుంచీ నలభై ఏళ్ళుగా "నాడి ముందు పోయింది" అని రాసినవాళ్ళున్నారు. వాళ్ళందరికీ లారీ చెప్పిన సమాధానం ఒకటే: మీరు సరిగ్గా చూడలేదు. యూజరు బగ్ చెప్తే "యూజర్ ఎర్రర్" అనడం ఎంత పాత జబ్బో చూడండి!

రెండోది ఇంకా పెద్దది. బగ్ లేదని తేల్చాక, మానిటరింగ్ కూడా తీసెయ్యమన్నారు. నాడి చూడక్కర్లేదు అన్నది ఊరికే సిద్ధాంతం కాదు, చేతులకి ఇచ్చిన ఆర్డరు. తమకి తెలీని ప్రమాదమేదైనా ఉంటే దాన్ని చూపించగలిగే ఒకే ఒక్క మీటరుని ఆఫ్ చెయ్యమనడం. ఏ మాటకి ఆ మాట చెప్పుకోవాలి, 1911కి ముందు ఎవరైనా నాడి పట్టుకుని ఫిబ్రిలేషన్ తెలుసుకున్నా, బతికించే దారి లేదు. గుండెకి కరెంటు షాకిచ్చి మళ్ళీ లయలో పెట్టడం చాలా దశాబ్దాల తర్వాతి మాట. కానీ చూసినవాళ్ళు రాస్తారు, రాసినవి పోగవుతాయి, పోగైనవాటిలోంచే ఒక లెవీ వస్తాడు. చూడడం మానేస్తే ఆ దారి కూడా మూసుకుపోతుంది.

అట్లా అని లారీని తీసిపారెయ్యడానికి కూడా నాకు మనసొప్పదు. "ఊపిరి మీదనుంచి కన్ను తియ్యకు" అన్న ఆయన పాఠం ఇప్పటికీ మత్తువైద్యంలో మొదటి పాఠమే. ఆ రోజుల్లో చావుల్లో చాలావాటికి నిజంగానే డోసు ఎక్కువవడం, ఊపిరి మూసుకుపోవడం కారణాలు. వాటిని ఆపగలిగేది అదే. ఆయన చేతిలో బతికిన హైదరాబాదీలు అబద్ధం కాదు. తన నమ్మకాన్ని పరాయివాడి ముందు పరీక్షకి పెట్టినవాడు, గీతలతో సహా అచ్చేయించినవాడు. ఆ గీతలు అచ్చయ్యాయి కాబట్టే గాస్కెల్, షోర్‌లు వాటిని విమర్శించగలిగారు, ఆ విమర్శ మీద తర్వాతివాళ్ళు నిలబడగలిగారు.

కాబట్టి "ప్రపంచానికి మత్తువైద్యం నేర్పిన హైదరాబాదు" అనే మెసేజీ ఈసారి వస్తే, దాన్ని కాస్త దిద్ది పంపండి. మనం గర్వపడాల్సింది జవాబు రైటైనందుకు కాదు, అది సగమే రైటు. ఒక ప్రశ్న మీద మనూరు సొంత డబ్బు పెట్టి, ఎదుటివాణ్ణి పిలిచి, దాచుకోకుండా బయటపెట్టినందుకు. సిగ్గుపడాల్సింది కూడా ఉంటే, అది తప్పినందుకు కాదు, ఇక చూడక్కర్లేదు అన్నందుకు.

క్లోరోఫాం ఇప్పుడు ఆపరేషన్ థియేటర్లలో లేదు. కాలేయాన్ని కూడా దెబ్బతీస్తుందని తెలిశాక దాని వాడకం తగ్గుతూ వచ్చింది, 1956లో హాలోథేన్ వచ్చాక ఇక దాని అవసరమే లేకుండాపోయింది. అఫ్జల్‌గంజ్ ఆస్పత్రిని 1908 సెప్టెంబరు మూసీ వరద పట్టుకుపోయింది. తర్వాత విన్సెంట్ ఎష్ గీసిన ప్లానుతో ఉస్మానియా భవనం లేచింది. అదీ 2020 జులైలో వార్డుల్లోకి వాననీళ్ళొచ్చి ఖాళీ అయింది. 2025 జనవరిలో గోషామహల్‌లో కొత్త ఆస్పత్రికి శంకుస్థాపన చేశారు.

ఈసారి ఎప్పుడైనా మీవాళ్ళెవరినైనా ఆపరేషన్‌కి తీసుకెళ్తే, థియేటర్లో తలాపున ఉండే మానిటర్ గురించి మత్తు డాక్టర్ని అడిగి చూడండి. గుండె లయకి ఒక గీత, వదిలే ఊపిరికి ఇంకో గీత, రెండూ ఒకే తెర మీద పరిగెడుతుంటాయి. లండన్ పార్టీ, ఎడింబరో పార్టీ పక్కపక్కనే. ఏ ఒక్కటి సరిపోతుందని ఈ రోజు ఏ డాక్టరూ అనడు. అంత చిన్న విషయం ఒప్పుకోవడానికి అరవై ఏళ్ళకు పైగా పట్టింది.